నిలిచిన బండికి మూడు దెబ్బలు

పోయిన నెల మా తమ్ముడి కూతురికి చెవులు కుట్టించడానికి కళుగుమలై గుడికి వెళ్తూ, అమ్మ అడిగిందని దారిలో మా పాత ఊళ్ళో దిగాం. కోవిల్‌పట్టికీ విరుదునగర్‌కీ మధ్య, బండి రెండే రెండు నిమిషాలు ఆగే ఊరు అది. స్టేషనుకి కొత్త రంగులు వేశారు. ఏదో వేడుక జరిగినట్టుంది, గేటు దగ్గర ఒకాయన వచ్చేపోయేవాళ్ళందరి చేతుల్లో నున్నటి కాగితం ఒకటి పెడుతున్నాడు. పైన తమిళంలో పెద్ద అక్షరాలతో ‘మన స్టేషను: చరిత్ర, సేవలు’ అని ఉంది.

అమ్మకి చదువు రాదు. బెంచీ మీద కూర్చుని చేతికర్ర ఒళ్ళో పెట్టుకుంది.

"ఏమి రాసుండారే అందులో?"

"మన స్టేషను చరిత్ర మా."

"మన స్టేషనుకి చరిత్రా? సరి, చదువు."

చదివాను. తెల్లవాళ్ళ కాలంలో పత్తి మూటలు పంపడానికి కట్టారట. తర్వాత అగ్గిపెట్టెల పెట్టెలు ఇక్కడినుంచే దేశమంతా పోయాయట. ఇప్పుడు చల్లని నీళ్ళు, కొత్త బెంచీలు, చక్రాల కుర్చీ ఎక్కే వాలు, బండ్లు నిలుపుకునే చోటు, అన్నీ ఉన్నాయట. ఆఖర్న ఒక మాట ఉంది. ఈ స్టేషను ఆ రోజుల నుంచే శుభ్రతకు పేరు పొందింది అని. దాని కింద గాజు బీరువాలో పెట్టిన షీల్డు ఫోటో.

పేరు పొందిందట! ఎలా పొందింది? స్టేషను తనంతట తాను చీపురు పట్టుకుని పట్టాల మీదికి దిగిందా? ఆ మాట నేను అమ్మకి చదవలేదు. కానీ ఫోటో చూడ్డానికి చదువు అక్కర్లేదు కదా. కాగితం నా చేతిలోంచి తీసుకుని కళ్ళ దగ్గర పెట్టుకుంది.

"ఇది మన షీల్డు గదా," అంది. ఫోటోని బొటనవేలితో తుడిచి, "గాజు మీద దుమ్ము ఉండాది చూడు," అంది.

అప్పుడు మొదలైన మంట నాకు ఇంకా చల్లారలేదు. అందుకే ఇది రాస్తున్నాను. నాకు తెలుగు రాయడం వచ్చిందే పెళ్ళయి తిరుపతి వైపు వచ్చాక, మా వాడి ఒకటో తరగతి పుస్తకంలోంచి. మా ఊళ్ళో తెలుగు ఇంట్లో మాట్లాడుకునేదే గానీ రాసుకునేది కాదు. గడప దాటితే తమిళం. మా అమ్మయితే స్టేషను గేటు దాటగానే గొంతు కూడా తగ్గించేసేది.

మాది స్టేషను వెనకాల వేపచెట్ల దగ్గర ఇరవై గుడిసెల వీధి. అందరం తెలుగు వాళ్ళమే. అవ్వ, అంటే మా అమ్మ వాళ్ళమ్మ, స్టేషను ఊడ్చే పని చేసేది. ఆమె నడుము వంగిపోయాక ఆ చీపురు అమ్మకి వచ్చింది. నాయన అగ్గిపుల్లల ఫ్యాక్టరీలో మందు కలిపేవాడు. ఆయన చొక్కా నుంచి గంధకం వాసన, పక్క వీధి నుంచి కడలమిఠాయి, అదే వేరుశనగ పట్టీల కోసం కాగే బెల్లప్పాకం వాసన, వాన పడితే నల్లరేగడి వాసన. ఇవన్నీ ఎవరడిగినా చెప్తాను. నాలుగో వాసన ఒకటుంది. దాన్ని మాత్రం ఇన్నేళ్ళూ ఎవరికీ చెప్పలేదు. బడిలో అడిగితే "మా అమ్మ రైల్వేలో పని" అనేదాన్ని. ఆ ఒక్క మాటకి పిల్లలు నన్ను గౌరవంగా చూసేవాళ్ళు, టీసీ అనుకునేవాళ్ళో ఏమో.

ఆ రోజుల్లో రైలు పెట్టెల్లో మరుగుదొడ్డికి కింద ఉన్నది ఒక గొట్టం, అంతే. గొట్టం కింద పట్టాలు. ఎవరు ఏం చేసినా నేరుగా కింద పడేది. బండి నిలిచి ఉన్నప్పుడు వాడవద్దని లోపల తలుపు మీద మూడు భాషల్లో రాసి ఉంటుంది. మూడు భాషలూ చదివినవాళ్ళే దాన్ని లెక్క చేసేవాళ్ళు కాదు. బండి కదులుతుంటే కూర్చోడానికి కుదరదట, ఊగుతుందట! అందుకని ఓపిగ్గా ఆపుకుని, మా స్టేషను రాగానే లేచేవాళ్ళు. విరుదునగర్‌లో నూనెలో వేయించిన పరోటా ఆరారగా తిని ఎక్కినవాళ్ళకి మా ఊరు సరిగ్గా సమయానికి వచ్చేది. బండి వెళ్ళిపోయాక అమ్మ దిగేది. ఒక ఇనప గరిట, పొడుగు కర్ర చీపురు, బ్లీచింగ్ పొడి డబ్బా, సగం దూరమే అందే నీళ్ళ గొట్టం. మిగతా సగానికి బకెట్లు. పగలు ఆగే బండ్లు నాలుగు. నాలుగు సార్లు దిగి ఎక్కేది.

అమ్మ చేతులకి ఆ పొడి వాసన ఎంత కడిగినా పోయేది కాదు. వేళ్ళ సందుల్లో చర్మం తెల్లగా ఊడొచ్చేది. అందుకని మధ్యాహ్నం ఇంటికొస్తే అవ్వే సజ్జ సంకటి ముద్దలు చేసి, పులుసులో ముంచి అమ్మ నోట్లో పెట్టేది. చంటిపిల్లకి పెట్టినట్టు పెట్టేది. మేం చూసి నవ్వేవాళ్ళం. అమ్మ కూడా నోటి నిండా సంకటితో నవ్వేది.

ఈ బాధ తట్టుకోడానికి మా వాళ్ళు ఒక ఉపాయం కనిపెట్టారు. అది ఏ కాగితంలోనూ రాసి ఉండదు. బండి స్టేషన్లోకి వస్తుండగానే, ప్లాట్‌ఫారానికి అవతలి వైపు, జనం చూడని వైపు, మా వాళ్ళు చీపురు కర్ర పట్టుకుని నిలబడతారు. బండి ఆగగానే ఒక్కో పెట్టె చివర మసక అద్దం కిటికీ కింద రేకు మీద కర్రతో మూడు దెబ్బలు కొడతారు. టక్, టక్, టక్. తర్వాత తమిళంలో, "బండి నిలబడి ఉంది సామీ, కొంచెం ఓర్చుకోండి" అంటారు. మానం ఉన్నవాడు లేస్తాడు. లేనివాడు పని కానిస్తాడు. పదిమందిలో ఆరుగురు లేచినా అమ్మకి ఆరు గరిటలు తగ్గినట్టే.

సెలవుల్లో ఆ పని మా పిల్లలది. ఒక్కొక్కరికి రెండు పెట్టెలు. అవ్వ మాకు కొట్టడం నేర్పింది, వంట నేర్పినంత శ్రద్ధగా.

"మొదుటిది వాడు వినేదానికి. రెండోది వాడికి అర్తమయ్యేదానికి. మూడోది వాడు లేసేదానికి. తెలిసిందా?"

"నాలుగోది అవ్వా?"

"నాలుగోది లేదు. నాలుగోది కొడితే అది మన కోపం. మనకి కోపం వస్తాదని వాండ్లకి తెలియగూడదు. తెలిసిందంటే వేల పోతాది."

వేల అంటే మా ఇళ్ళల్లో పని. ఆ మాట అవ్వ దేవుడి పేరు పలికినట్టు పలికేది.

మేం మాత్రం ఆటలాడేవాళ్ళం. లోపల ఎవరూ లేకపోయినా కొట్టేవాళ్ళం. కొట్టి, బండి కింద వంగి, అవతలి ప్లాట్‌ఫారం మీద పరిగెత్తే కాళ్ళు చూసి, ఇతను పరోటా, ఇతను వడ, ఈమె పెరుగన్నం అని పందాలు వేసుకునేవాళ్ళం. ఒకసారి లోపల్నుంచి ఒక పెద్దమనిషి భయపడిపోయి "అయ్యింది, అయ్యింది, ఒక్క నిమిషం" అని బతిమాలాడు. ఆ మాట మా వీధిలో నెల రోజులు నడిచింది. సంకటి తొందరగా పెట్టమంటే అవ్వ కూడా అదే అనేది.

నాకు పదకొండేళ్ళు వచ్చిన ఎండాకాలంలో షీల్డు మాట వచ్చింది. ఈ లైన్లో చిన్న స్టేషన్లన్నిట్లో శుభ్రమైనదానికి షీల్డు ఇస్తారట. తనిఖీకి పెద్ద ఆఫీసరు తన ప్రత్యేకమైన పెట్టెలో వస్తాడట. మా స్టేషన్ మాస్టరు సన్నగా, ఎప్పుడూ జేబులో రుమాలు తడుముకుంటూ ఉండేవాడు. చెడ్డవాడు కాదు. పై వాళ్ళంటే భయం, అంతే. ఆయన అమ్మని పిలిచి చెప్పాడు. తమిళంలో చెప్పిందే తెలుగులో రాస్తున్నాను.

"అమ్మా, షీల్డు వచ్చిందంటే ఆ ఆఫీసరుకి నిన్ను చూపించి చెప్తాను. ఇన్నేళ్ళుగా రోజుకూలి మీద చేస్తోంది, పర్మనెంట్ చెయ్యండి అని. ఆయన ఒక్క సంతకం పెడితే చాలు."

పర్మనెంట్ అంటే ఏమిటో ఆ రోజు ఇంట్లో అందరం కూర్చుని తెలుసుకున్నాం. జబ్బు చేస్తే పని పోదు. మేస్త్రీ ఎవడో వచ్చి రేపట్నుంచి రావద్దు అనలేడు. రైల్వే వాళ్ళ ఆస్పత్రిలో చూస్తారు. చేతులకి గ్లవుజులు కూడా ఇస్తారని నాయన అన్నాడు. గ్లవుజులు వస్తే తన చేత్తో తాను తినొచ్చని అమ్మ అంది. అవ్వ ముఖం చిన్నబుచ్చుకుంది.

వారం రోజులు అమ్మ కంకర రాళ్ళు కూడా కడిగింది. నిజంగా, ఒక్కొక్క రాయి. వీధి వీధంతా వచ్చి సాయం చేశారు. ప్లాట్‌ఫారం కట్టకి సున్నం, కుండీలకి ఎర్రమట్టి, నీళ్ళ తొట్టికి కొబ్బరిపీచు. తనిఖీ రోజు పొద్దున్నే అమ్మ పని ముగించి, స్నానం చేసి, తన దగ్గరున్న ఒకే ఒక్క మంచి చీర కట్టింది. ముదురు ఆకుపచ్చ, సన్న అంచు. తల్లో మల్లెపూలు. ప్లాట్‌ఫారం చివర కుండీ పక్కన నిలబెట్టారు. పిల్లలెవరూ కనపడకూడదని మాస్టరు గట్టిగా చెప్పాడు. కర్ర ఎత్తేదే లేదని అమ్మ నాకు వేరేగా చెప్పింది.

పాసింజరు వచ్చింది. చివర ఆఫీసరు పెట్టె తగిలించి ఉంది. కిటికీలకి తెరలు, మెట్లకి ఇత్తడి పిడులు. నేను అవతలి వైపు వేపచెట్టు వెనక దాక్కున్నాను. వెళ్ళమన్నా వెళ్ళలేదు, అమ్మ సంతకం పెట్టించుకోవడం చూడాలి కదా.

బండి ఆగింది. తెరల పెట్టె సరిగ్గా నా ఎదురుగా నిలిచింది. దాని మసక అద్దం వెనక ఒక నీడ కదిలి, కిందికి కూర్చుంది.

కింద రాళ్ళు మా అమ్మ కడిగిన రాళ్ళు. చీపురు కర్ర చెట్టుకే ఆనించి ఉంది. తీసుకుని పరిగెత్తాను. మూడు కొట్టాను, అవ్వ నేర్పినట్టే. "బండి నిలబడి ఉంది సామీ" అని కూడా అన్నాను. లోపల కదల్లేదు. గొట్టంలోంచి పడనే పడింది. తెల్లటి రాళ్ళ మీద, నా కళ్ళ ముందే.

అప్పుడు నాలుగోది కొట్టాను. ఐదోది కూడా. ఎన్ని కొట్టానో నాకు తెలీదు. కర్ర విరిగింది.

కొంచెం సేపటికి ఆఫీసరు ప్లాట్‌ఫారం మీదికి దిగాడు. ముఖం ఎర్రగా ఉంది. నేను మళ్ళీ చెట్టు వెనక్కి చేరాను గానీ, ఆ ఆఖరి పెట్టె పక్కనుంచి ప్లాట్‌ఫారం కొస కనపడుతోంది, ఆయన గొంతు స్పష్టంగా వినపడుతోంది. ఎవరు కొట్టింది అని అరుస్తున్నాడు. మాస్టరు రుమాలు తడుముకుంటున్నాడు. కుండీ పక్కనుంచి అమ్మ రెండడుగులు ముందుకి వేసింది.

"నేనే కొట్టినాను సార్," అంది తమిళంలో, తల వంచి.

ప్లాట్‌ఫారం ఈ చివర నిలబడ్డ మనిషి, పెట్టెకి అవతలి వైపు ఎలా కొడుతుంది? అంత చదువుకున్న ఆఫీసరుకి ఆ ఆలోచన రాలేదు. ఒప్పుకునే మనిషి దొరికింది, చాలు. తిట్టాడు. తర్వాత పెట్టె చివరికి వచ్చి, సందులోంచి పట్టాల మీదికి వంగి చూశాడు. చూసి, మాస్టరు వైపు తిరిగి ఏమన్నాడో వినండి.

"తనిఖీ రోజున కూడా పట్టాల మీద ఇదేమిటి?"

తనదే. ఇంకా ఆవిరి పోతున్న తనదే! అది ఎవరిదో ఆయనకి తెలుసు, మాస్టరుకి తెలుసు, అక్కడ నిలబడ్డ టికెట్ల గుమాస్తాకి తెలుసు, టీ అమ్మే అతనికి తెలుసు. ఒక్కడు, ఒక్కడంటే ఒక్కడు నోరు తెరవలేదు. నేను ఇన్నేళ్ళలో చాలా అన్యాయాలు చూశాను గానీ, మనిషి తన మలానికి ఇంకొకరిని సంజాయిషీ అడగడం అదొక్కసారే చూశాను.

అమ్మ సంజాయిషీ చెప్పలేదు. బండి కదిలి వెళ్ళేదాకా కూడా ఆగనివ్వలేదు ఆమెని. ఆకుపచ్చ చీర మోకాళ్ళ పైకి దోపుకుని, పెట్టెల సందులోంచి వంగి అవతలికి దిగింది. గరిటతో తీసింది, పొడి చల్లింది, బకెట్ నీళ్ళు కొట్టింది. నేను చెట్టు వెనకే ఉన్నానని ఆమెకి తెలుసు. ఒక్కసారి కూడా ఇటు చూడలేదు. చూస్తే నేను బయటికి వచ్చేస్తానని ఆమెకి తెలుసు. చీర అంచు తడిసి పొడి మరకలు పడి, ఆ ఆకుపచ్చ అక్కడక్కడా పసుపు రంగుకి తిరిగింది. రెండు నిమిషాల బండి ఆ రోజు పది నిమిషాలు ఆగింది.

ఆ మధ్యాహ్నం అవ్వ సంకటి ముద్ద చేసి నోటి దగ్గర పెడితే అమ్మ చాలాసేపు నోరు తెరవలేదు. నేను మూల కూర్చుని దెబ్బల కోసం చూస్తున్నాను. చివరికి నా వైపు తిరిగింది.

"ఎన్ని కొడితివి?"

"తెలీదు మా. శానా."

"మూడుతో నిలిపి ఉంటే ఎవురో తట్టినారు అనుకుని పోయుంటాడు."

అంతే. కొట్టలేదు, తిట్టలేదు. అవ్వ మాత్రం, "పావం, చిన్నది. అదన్నా కొట్టింది లే," అని గొణిగి, ముద్ద మళ్ళీ పెట్టింది. ఈసారి అమ్మ తిన్నది.

షీల్డు మా స్టేషనుకే వచ్చింది. అదీ చెప్పాలి. రాళ్ళు కడిగిన స్టేషను ఆ లైన్లో ఇంకొకటి లేదు మరి. మాస్టరు దండ వేయించుకున్నాడు. పర్మనెంట్ మాట మళ్ళీ ఎత్తలేదు, అమ్మ కనపడితే రుమాలు తీసేవాడు. కొన్నాళ్ళకి ఆయన బదిలీ అయ్యాడు, ఊడ్చే పని కాంట్రాక్టుకి పోయింది, ఎవడో మేస్త్రీ వచ్చాడు. అమ్మ అదే చీపురుతో, అదే గరిటతో, గ్లవుజులు లేకుండా ఇంకా పన్నెండేళ్ళు చేసింది. మాస్టరు గది ఊడ్చేది కూడా ఆమే. గాజు బీరువాలో షీల్డుకి వారానికి ఒకసారి దుమ్ము తుడిచేది. ఒక రోజు మేస్త్రీ వచ్చి రేపట్నుంచి రావద్దన్నాడు. ఆ రోజు ఇంట్లో అనుకున్నట్టే, అదే మాటతో.

ఇప్పుడు అమ్మకి వాసనలు తెలియవు. ఆ పొడి ఆమె ముక్కుని తినేసింది. మల్లెపూలు కొంటే నన్ను అడుగుతుంది, వాసన వస్తాందా అని. వస్తాంది మా అంటే, అప్పుడు తల్లో పెట్టుకుంటుంది.

సరే, ఆ కాగితం చేతిలో పెట్టుకుని బెంచీ మీద కూర్చున్నాం కదా. కోవిల్‌పట్టి పోయే పాసింజరు వచ్చి ఆగింది. అమ్మ లేచి, కర్ర ఊతం పెట్టుకుని, ఎక్కకుండా వంగి పెట్టె కిందికి చూసింది. అలవాటు.

"అదేమిటే కింద వేలాడతాండేది?"

"డబ్బా మా. ఇప్పుడు అంతా దాంట్లోనే పడతాది. కింద పడదు. ఎవరూ తీయనక్కర్లేదు."

ఆమె వంగే ఉంది. నడుము నొప్పి అని కూడా గుర్తు లేనట్టుంది.

"ఇంతేనా?" అంది. "ఒక డబ్బానా?"

లేపడానికి ఆమె మోచెయ్యి పట్టుకున్నాను.

"మాయమ్మ ఆయుసంతా ఎత్తింది. అప్పురం నేను ఎత్తినా. ఒక డబ్బా కట్టాల్ల అని ఇంతమందిలో ఒకరికి తోచలేదా? ఇంత సులువా ఇది?"

ఆ నున్నటి కాగితంలో ఇది రాయలేదు. ఇంత పొడుగు పట్టాలు వేసినవాళ్ళకి, వంతెనలు కట్టినవాళ్ళకి డబ్బా సంగతి తోచకపోవడం తెలివి లేక కాదు. ఎత్తడానికి మేం ఉన్నాం గనక తోచలేదు.

తమ్ముడు పిల్లని ఎత్తుకుని ముందే ఎక్కాడు, రమ్మని పిలుస్తున్నాడు. అమ్మ నిటారుగా నిలబడింది. పెట్టె చివర మసక అద్దం దగ్గరికి నడిచింది. చేతికర్ర ఎత్తి రేకు మీద కొట్టింది, నెమ్మదిగా, అవ్వ నేర్పినట్టే. ఒకటి. రెండు. మూడు. లోపల నీళ్ళ చప్పుడు ఆగింది.

కర్ర దించుతుందనుకున్నాను. దించలేదు. ప్లాట్‌ఫారం మీద జనం చూస్తుండగా, జనం చూసే వైపే నిలబడి, నాలుగోది కొట్టింది. గట్టిగా.

లోపల్నుంచి ఒక మగ గొంతు తమిళంలో అడిగింది, ఎవరది అని.

"నేనే," అంది అమ్మ, తెలుగులో.